అమ్మాయి వెబర్ అంటోంది, నాన్న ఎంబీఏ అంటున్నారు

ప్రశ్న: మా అమ్మాయి బీటెక్ చేసి, సోషియాలజీ ఆప్షనల్‌తో సివిల్స్ రెండుసార్లు రాసింది. రాలేదు. ఇప్పుడు మాక్స్ వెబర్ అనే పాతతరం జర్మన్ సోషియాలజిస్టు పుస్తకాలు పట్టుకుని, జర్మనీ వెళ్లి సోషియాలజీ ఎంఏ చేస్తానంటోంది. ఎంబీఏ చేయమంటే వినడం లేదు. ఏది మేలు? చుట్టాలకు జవాబు చెప్పలేకపోతున్నాం.
– ఒక తండ్రి, కరీంనగర్

జవాబు: సర్, మీ అసలు ప్రశ్న ఆ ఆఖరి వాక్యంలోనే ఉంది. డబ్బు వేరు, సమాజంలో పరువు వేరు, రెండూ ఒకే లెక్కన నడవవని చెప్పింది మీ అమ్మాయి చదువుతున్న ఆ వెబరే. మీరు భయపడుతున్నది ఆమె జీతం గురించి కాదు, మీ పరువు గురించి. రెండుసార్లు పరీక్ష పోయిన పిల్ల నెత్తిన ఆ బరువు కూడా పెట్టకండి.

అలాగని జర్మనీకి టికెట్ కొనమనడం లేదు. 'అక్కడ చదువు ఉచితం' అన్న మాట మీద నాకు చాలా అనుమానాలున్నాయి. వెబర్ పాఠాలు చెప్పిన హైడెల్‌బర్గ్ ఉన్న రాష్ట్రంలోనే 2017 నుంచి మన పిల్లల దగ్గర సెమిస్టరుకు 1,500 యూరోలు తీసుకుంటున్నారు. ఫీజు లేని రాష్ట్రాలున్నా, వీసాకు ఏడాది ఖర్చు కింద సుమారు 12 వేల యూరోలు బ్లాక్డ్ అకౌంట్‌లో, అంటే నెలకు కొంత చొప్పున మాత్రమే తీసుకోగలిగే ఖాతాలో, చూపాలి. కంప్యూటర్ సైన్స్‌లో లాగా ఇక్కడ ఇంగ్లిష్‌తో నెట్టుకురాలేం, సోషియాలజీ ఎంఏ ఎక్కువచోట్ల జర్మన్‌లోనే ఉంటుంది. పైగా డిగ్రీలో సోషియాలజీ సబ్జెక్టులు ఉన్నాయా అని అడుగుతారు. బీటెక్ మార్కుల మెమోతో చాలాచోట్ల గుమ్మం దగ్గరే ఆగిపోతుంది.

మన దేశంలో సోషియాలజీ ఎంఏకి చాలా యూనివర్సిటీల్లో ఏ డిగ్రీ అయినా సరిపోతుంది. ముందు అది చేయనివ్వండి. పక్కన హైదరాబాద్‌లోని జర్మన్ భాషా కేంద్రం గోథే జెంట్రుమ్‌లో జర్మన్ నేర్చుకుంటే, పీహెచ్‌డీకి జర్మనీ వెళ్లే దారి తెరిచే ఉంటుంది.

సోషియాలజీ తిండి పెడుతుందా అంటే, వెంటనే పెట్టదు. వెబర్ కాలపు మరో జర్మన్ సోషియాలజిస్టు జార్జ్ జిమ్మెల్ 1885 నుంచి బెర్లిన్‌లో జీతం లేకుండా, విద్యార్థులు కట్టే ఫీజుల మీదే పాఠాలు చెప్పారు. హాలు నిండేది, ఉద్యోగం మాత్రం రాలేదు. యూదు మూలాలు అడ్డొచ్చాయి. పూర్తి ప్రొఫెసర్ అయ్యేసరికి 56 ఏళ్లు, 1914. నాలుగేళ్లకే పోయారు. అన్నాళ్లూ ఆదుకుంది సంరక్షకుడు వదిలిన ఆస్తి. యూనివర్సిటీలో పాఠాలు చెప్పే ఈ వృత్తి జూదంలాంటిదని వెబరే 1917లో మ్యూనిక్ విద్యార్థుల ముందు అన్నారు.

నాకు నచ్చే ఉదాహరణ తర్వాతి తరం జర్మన్ సోషియాలజిస్టు నిక్లాస్ లూమాన్. లా చదివి, ప్రభుత్వ ఆఫీసులో పనిచేస్తూ, చదివినదల్లా చీటీల మీద రాసుకున్నారు. చివరికి అవి దాదాపు 90 వేలయ్యాయి. 1968లో, 40 ఏళ్లకు, జర్మనీలోని బీలెఫెల్డ్ యూనివర్సిటీలో సోషియాలజీ ప్రొఫెసర్ అయ్యారు. మీ అమ్మాయి చేతిలో బీటెక్ ఉంది. ఉద్యోగం చేస్తూ దూరవిద్యలో ఎంఏ చేసినా తప్పేం లేదు.

ఎంబీఏ సంగతా? పేరున్న కాలేజీలో సీటొస్తే జీతం తొందరగా వస్తుంది. పేరులేని కాలేజీలో ఫీజు తొందరగా పోతుంది. ఇష్టంలేని పిల్లను అందులోకి తోస్తే ఏమవుతుందో మీకు నేను చెప్పక్కర్లేదు.

1897లో వెబర్ తండ్రితో పెద్ద గొడవపడ్డారు. కొన్ని వారాలకే తండ్రి పోయారు, రాజీ కుదరనే లేదు. ఆ తర్వాత వెబర్ ఏళ్ల తరబడి పాఠం చెప్పలేనంతగా కుంగిపోయారు. మీ ఇంట్లో ఇంకా అంతదాకా రాలేదు కదా. ఈ ఆదివారం వెబర్‌లో ఏం నచ్చిందో ఆమెను అడగండి. ఆ పూట ఎంబీఏ మాట, చుట్టాల మాట ఎత్తకండి.