డాక్టర్ సలహా: ఎమ్మారై రిపోర్టులో 'కాడా ఈక్వైనా' అని ఉంది.. భయపడాలా?

ప్రశ్న: డాక్టర్ గారూ, నా వయసు 36. మాది చిత్తూరు జిల్లా. పదేళ్లుగా బెంగళూరు మారతహళ్లిలో ఉంటున్నాం. రోజంతా కూర్చుని చేసే ఉద్యోగం. రెండు నెలలుగా నడుము నొప్పి, ఎడమ కాలి పిక్క దాకా లాగుతోంది. ఎమ్మారై తీయించాను. రిపోర్టులో 'ఎల్5-ఎస్1 దగ్గర డిస్క్ బల్జ్, థీకల్ శాక్ మీద కొద్దిగా ఇండెంటేషన్. కోనస్ మెడుల్లారిస్ ఎల్1 దగ్గర ముగిసింది. కాడా ఈక్వైనా అన్‌రిమార్కబుల్' అని రాశారు. నెట్‌లో వెతికితే కాడా ఈక్వైనా వస్తే కాళ్లు చచ్చుబడతాయని, వెంటనే ఆపరేషన్ చేయాలని ఉంది. రెండు రాత్రులుగా నిద్ర లేదు. నా వెన్నుపాము ఎల్1 దగ్గరే ఆగిపోయిందా? నాలుగేళ్ల కిందట సిజేరియన్ అప్పుడు నడుముకి ఇచ్చిన ఇంజెక్షన్ వల్లే ఇదంతా అని మా అత్తగారు అంటున్నారు. నిజమేనా? మా పాపను ఎత్తుకోవచ్చా?
- ఒక సోదరి, బెంగళూరు

జవాబు: అమ్మా, మీకు నిద్ర పట్టాల్సిన మాట ముందు చెప్పేస్తాను. మీరు ఏ వాక్యం చూసి భయపడ్డారో, ఆ రిపోర్టు మొత్తంలో మంచి వాక్యం అదే. 'అన్‌రిమార్కబుల్' అంటే చెప్పుకోదగ్గ తేడా ఏదీ కనబడలేదని. రేడియాలజిస్టులకు అది రోజూ రాసే మాట. కాగితం చేతికొచ్చిన మనిషికి మాత్రం అదేదో బాగాలేదన్నట్టు వినిపిస్తుంది. ఆ ఒక్క మాటను 'మామూలుగా ఉంది' అని రాస్తే ఎన్ని ఇళ్లలో మనశ్శాంతి మిగులుతుందో అని నాకు చాలాసార్లు అనిపిస్తుంది.

కాడా ఈక్వైనా జబ్బు పేరు కాదు, ఒంట్లో ఒక భాగం పేరు. మీకూ ఉంది, నాకూ ఉంది, మీ పాపకూ ఉంది. స్కానింగ్ కాగితంలో 'లివర్ నార్మల్' అని ఉంటే ఎవరూ కంగారు పడరు, ఎందుకంటే లివర్ ఏమిటో ముందే తెలుసు. ఈ మాట అలా కాదు. మామూలు మనిషి చెవిన పడేదే 'కాడా ఈక్వైనా సిండ్రోమ్' అని జబ్బుతో జతగా. నెట్‌లో వెతికినా అంతే. బాగున్న భాగం గురించి ఎవరూ పేజీలకు పేజీలు రాయరు కదా, అందుకే జబ్బు కథలే ముందు వస్తాయి. మీ రిపోర్టులో 'సిండ్రోమ్' అన్న మాట ఎక్కడా లేదు, గమనించండి. ఆ మాటకు మళ్లీ వస్తాను, ఎందుకంటే అది తెలుసుకోవాల్సిన విషయమే.

ఇది లాటిన్ పేరు. కాడా అంటే తోక, ఈక్వైనా అంటే గుర్రానిది. రెండూ కలిపితే గుర్రపు తోక, అంతే. రిపోర్టుల్లో ఇంకా ఈ లాటిన్ ఎందుకని అడుగుతుంటారు. ఒకప్పుడు శరీరంలో ఒకే భాగానికి దేశానికో పేరు, పుస్తకానికో పేరు ఉండేవి. 1895లో స్విట్జర్లాండ్‌లోని బాసెల్‌లో అనాటమీ నిపుణులు కూర్చుని, ఒక భాగానికి ఒకే లాటిన్ పేరు ఉండాలని జాబితా ఖాయం చేశారు. ఆ జాబితా తర్వాత ఎన్నోసార్లు మారింది కానీ పద్ధతి నిలిచిపోయింది. దానివల్ల మారతహళ్లిలో రాసిన రిపోర్టును చిత్తూరులో చదివినా, లండన్‌లో చదివినా డాక్టరు వేలు అదే చోట పడుతుంది.

పేరు పెట్టినవాళ్లకు గుర్రం గుర్తొచ్చింది. నేను మాత్రం మన ఇళ్లలో అందరికీ తెలిసిన జడతో చెబుతాను. అంతకంటే ముందు ఒక చిన్న తికమక తీర్చాలి. వెన్నెముక అంటే ఎముక, పూసల వరస. అందులో నడుము పూసలను పైనుంచి కిందికి ఎల్1 నుంచి ఎల్5 దాకా లెక్కపెడతారు, ఎల్5 కింద వచ్చేది ఎస్1. వెన్నుపాము అంటే ఆ పూసల మధ్య సొరంగంలో మెదడు నుంచి కిందికి దిగే నరాల కట్ట. ఈ రెండింటినీ ఒకటే అనుకోవడం వల్లే 'వెన్నుపాము అరిగింది' లాంటి మాటలు పుడతాయి. అరిగేది పూసలు, వాటి మధ్య మెత్తల్లా ఉండే డిస్కులు.

ఇప్పుడు జడ. గట్టిగా అల్లుకుంటూ వచ్చి, మధ్యలో ఒకచోట ఆపేసి, కింది వెంట్రుకలు విడిగా వదిలేశారనుకోండి. అల్లిన జడ వెన్నుపాము. అల్లిక సన్నబడి ముగిసే కొస కోనస్ మెడుల్లారిస్. శంకువులా మొన తేలి ఉంటుంది కాబట్టి ఆ పేరు. అక్కణ్నుంచి విడివిడిగా కిందికి వేలాడే పాయలే కాడా ఈక్వైనా. నడుము కింది నుంచి కాళ్లకు, మూత్రాశయానికి, మలద్వారానికి వెళ్లే నరాల వేర్లు అవి. ఈ మొత్తం ఒక పల్చటి నీటి సంచిలో ఉంటుంది. ఆ సంచే థీకల్ శాక్.

ఇక మీరు అడిగిన 'ఆగిపోయిందా' సంగతి. మీ వెన్నుపాము ఆగాల్సిన చోటే ఆగింది. పెద్దవాళ్లలో చాలామందికి అది ఎల్1, ఎల్2 పూసల దగ్గరే ముగుస్తుంది. కడుపులో బిడ్డకు మూడో నెలలో వెన్నుపాము వెన్నెముక చివరిదాకా ఉంటుంది. ఆ తర్వాత ఎముక త్వరగా పెరుగుతుంది, పాము వెనకబడుతుంది. పుట్టేసరికి దాని కొస ఎల్3 దగ్గరికి చేరుతుంది, తర్వాత ఎల్1 దాకా పైకి జరిగినట్టు కనబడుతుంది. పెద్దయ్యాక దాని పొడవు 42 నుంచి 45 సెంటీమీటర్లే. కానీ నరాలు బయటపడాల్సిన కిటికీలు కింది పూసల మధ్యే ఉండిపోయాయి. అక్కడిదాకా చేరడానికి నరాలు పొడవుగా సాగి దిగాయి. గుర్రపు తోక ఏర్పడింది అలా. కోనస్ మరీ కిందికి ఉంటే వెన్నుపాము ఎక్కడో పట్టుకుని లాగబడుతోందని అనుమానించాలి. అందుకే రేడియాలజిస్టు ప్రతి నడుము ఎమ్మారైలోనూ ఆ చోటు వెతికి రాస్తారు. మీది ఎల్1, అంటే సరిగ్గా ఉంది.

ఒకసారి లేచి నిలబడండి. రెండు చేతులూ నడుం మీద పెట్టుకుని తుంటి ఎముకల పైఅంచు తడమండి. అదే ఎత్తులో బొటనవేళ్లను వెనక్కి చాచి వెన్నెముక మీద కలపండి. వేళ్లు కలిసిన చోటు దాదాపు ఎల్4. మీ వెన్నుపాము అంతకంటే మూడు పూసల పైనే ముగిసింది. సిజేరియన్‌కు ముందు మత్తు డాక్టరు మిమ్మల్ని ముందుకు వంచి కూర్చోబెట్టి వేళ్లతో తడిమింది ఈ గీత కోసమే. సూది వేసేది ఎల్3-ఎల్4 మధ్యో, ఎల్4-ఎల్5 మధ్యో. అక్కడ వెన్నుపాము ఉండదు, నీళ్లలో తేలే పాయలే ఉంటాయి. పల్చటి పాయసంలో సేమ్యా మధ్యకు పుల్ల దించితే పోగులు పక్కకు జరుగుతాయే, అలా అవి సన్నటి సూదికి దారిస్తాయి. ప్రకృతి ఇచ్చిన ఈ వెసులుబాటు వల్లే కోట్లమంది తల్లులు మెలకువగా ఉండి బిడ్డ మొదటి ఏడుపు వినగలుగుతున్నారు.

సూది గుచ్చిన చోట కొన్నాళ్లు నొప్పి ఉండొచ్చు. కొందరికి కొద్దిరోజులు తలనొప్పి వస్తుంది. అంతేకానీ ఏళ్ల తరబడి నడుము నొప్పికి ఆ ఇంజెక్షన్ కారణం కాదని పరిశోధనలు చెబుతున్నాయి. మరి ఇంతమంది ఆడవాళ్లు 'ఆ సూది తర్వాతే' అని ఎందుకంటారు? వాళ్లు అబద్ధం చెప్పడం లేదు. కాన్పు తర్వాత కడుపు కండరాలు వదులై ఉంటాయి, రాత్రిళ్లు వంగి పాలివ్వడం, బిడ్డను చంకలో వేసుకుని ఒక పక్కకు ఒరిగి పని చేయడం, నిద్ర లేకపోవడం, ఆపైన ఆఫీసు కుర్చీ. నొప్పి నిజం. దాన్ని ఒక్క సూది మీదికి నెట్టేస్తే అసలు కారణాల వైపు ఎవరూ చూడరు. మీ అత్తగారికి కూడా ఆ బొటనవేళ్ల లెక్క చూపించండి.

ఇప్పుడు ఆ 'సిండ్రోమ్'. ఆ నీటి సంచిలో వేలాడే పాయలన్నీ ఒకేసారి నలిగిపోతే వచ్చే పరిస్థితి ఇది. ఎక్కువగా పెద్ద డిస్కు ముక్క ఒక్కసారిగా జారి పడటం వల్ల వస్తుంది. ఎముక విరగడం, గడ్డలు, చీము, మన దేశంలో వెన్నెముక టీబీ కూడా కారణాలు. చాలా అరుదు. కానీ వస్తే గంటలు లెక్కపెట్టుకోవాల్సిన జబ్బు.

కొన్నేళ్ల కిందట అనంతపురం వైపు నుంచి ఇక్కడికి పనికొచ్చిన ఒక సెంట్రింగ్ మేస్త్రీ నా దగ్గరికొచ్చాడు. మోపు ఎత్తుతుండగా నడుములో కలుక్కుమంది, రెండు కాళ్లకూ నొప్పి పాకింది. దగ్గర్లోని ఒక క్లినిక్‌లో ఇంజెక్షన్ వేసి పంపారు. ఆ రాత్రి నుంచే మూత్రం రావడం లేదు. మందుల వేడి అనుకున్నాడు. మర్నాడు మళ్లీ వెళితే నలుగురి ముందు 'యూరిన్ ఓకేనా' అని అడిగారట. తలూపాడు. 'ఆడోళ్లు ఉండారు సార్, ఎట్ల చెప్పేది' అన్నాడు నాతో. మూడో రోజు వచ్చాడు, పొట్ట కింద కుండలా ఉబ్బి ఉంది. వెంటనే ఆపరేషన్ జరిగింది. కాళ్లకు బలం వచ్చింది, మళ్లీ నడిచాడు. మూత్రం మాత్రం ఇప్పటికీ రోజుకు నాలుగైదుసార్లు గొట్టం పెట్టుకుని తీసుకోవాల్సిందే. తలూపినందుకు అతన్ని నేను ఎప్పుడూ తప్పు పట్టలేదు. పక్కకు తీసుకెళ్లి, తన భాషలో, అర్థమయ్యేలా అడగాల్సింది మా డాక్టర్లం.

కాబట్టి మిమ్మల్నీ, ఇది చదువుతున్న అందరినీ మొహమాటం లేకుండా అడుగుతున్నాను. మూత్రం వస్తున్నట్టు తెలుస్తోందా? మొదలుపెట్టడానికి ముక్కాల్సి వస్తోందా, ధార సన్నబడిందా, తెలియకుండా కారుతోందా? మలవిసర్జన మీద అదుపు తప్పిందా? దొడ్డికెళ్లి కడుక్కునేటప్పుడు నీళ్ల చల్లదనం, చేతి స్పర్శ తెలుస్తున్నాయా? స్కూటర్ సీటుకు ఆనే భాగమంతా, అంటే తొడల మధ్య, జననాంగాల చుట్టూ, పిరుదుల నడుమ మొద్దుబారిందా? నొప్పి ఒక కాలి నుంచి రెండు కాళ్లకూ పాకిందా, పాదం పట్టు తప్పుతోందా? లైంగిక స్పర్శ కొత్తగా తగ్గిందా? వీటిలో ఏ ఒక్కటి కొత్తగా మొదలైనా అపాయింట్‌మెంట్ కోసం ఆగకండి. రాత్రి రెండింటికైనా ఎమ్మారై, న్యూరోసర్జరీ లేదా స్పైన్ సర్జరీ ఉన్న ఆసుపత్రి అత్యవసర విభాగానికి వెళ్లండి. హొసూరు రోడ్డులో నిమ్హాన్స్ ఉంది, పెద్ద ఆసుపత్రులు చాలానే ఉన్నాయి, 108కి ఫోన్ చేస్తే అంబులెన్స్ వస్తుంది. ఒత్తిడిని మొదటి 48 గంటల్లో తీసేస్తే మూత్రం అదుపు తిరిగొచ్చే అవకాశం మెరుగు, అందులోనూ ఎంత ముందైతే అంత మేలు.

చెప్పేటప్పుడు మాట కూడా ముఖ్యం. 'తిమ్మిరి' అంటే చీమలు పాకినట్టు ఉండటం, 'స్పర్శ తెలియడం లేదు' అంటే అసలు తెలియకపోవడం. రెండూ వేరు, రెండోది ఎక్కువ ప్రమాదం. కన్నడంలో తిమ్మిరిని జోము అంటారు. భాష కుదరకపోతే తెలుగు తెలిసిన నర్సును పిలవమనండి, ఈ ఊళ్లో దొరకకుండా ఉండరు.

మీ ఉత్తరంలో ఈ లక్షణాలేవీ లేవు. మీకున్నది నాకు అర్థమైనంతవరకు మామూలు సయాటికా, అంటే నడుము నుంచి కాలికి లాగే నరం నొప్పి. ఎల్5-ఎస్1 డిస్కు ఒత్తితే ఎస్1 నరం లాగుతుంది, ఆ నొప్పి పిక్క మీదుగా పాదం బయటి అంచుకు వెళుతుంది. 'ఇండెంటేషన్' అంటే నీటి సంచి మీద చిన్న నొక్కు పడిందని, లోపలి పాయలు నలిగాయని కాదు. డిస్క్ బల్జ్, అంటే డిస్కు కాస్త బయటికి ఉబ్బడం, అన్న మాటకు కూడా బెంగపడకండి. నొప్పే లేనివాళ్ల స్కాన్లను పోగేసి 2015లో వేసిన లెక్కలో 30 ఏళ్లవాళ్లలో 40 శాతం మందికి, 40 ఏళ్లవాళ్లలో 50 శాతం మందికి బల్జ్ కనబడింది. అందుకే కాగితం చూసి కాదు, మనిషిని చూసి వైద్యం చేయాలి. ఎముకల డాక్టరుకో, న్యూరో డాక్టరుకో ఒకసారి చూపించుకోండి, రిపోర్టుతో పాటు ఫిల్ములు కూడా తీసుకెళ్లండి. మునివేళ్ల మీద, మడమల మీద నడిపించి, పడుకోబెట్టి కాలు పైకెత్తి, మడమ వెనక సుత్తితో తట్టి చూస్తారు. అలా చూడకుండా ఆపరేషన్ మాట ఎవరైనా ఎత్తితే ఇంకొకరి అభిప్రాయం అడగండి. ఇలాంటి నొప్పి చాలామందికి 6 నుంచి 12 వారాల్లో ఆపరేషన్ లేకుండానే తగ్గుతుంది. మంచం పట్టి పడుకోవద్దు, అరగంటకోసారి కుర్చీలోంచి లేచి నాలుగడుగులు వేయండి. నొప్పి మాత్రలు డాక్టరు చెప్పినన్ని రోజులే. ఫిజియోథెరపీ మొదలుపెట్టండి.

ఇక పాప. కాలి నొప్పి తగ్గేదాకా నేల మీంచి వంగి ఎత్తుకోవద్దు. మీరు సోఫాలో కూర్చుని రమ్మంటే తనే ఎక్కి ఒళ్లో కూర్చుంటుంది, నాలుగేళ్ల పిల్ల కదా. తప్పనిసరిగా ఎత్తాల్సి వస్తే మోకాళ్లు వంచి కిందికి దిగి, పాపను గుండెలకు ఆనించుకుని, మెలి తిరగకుండా నిటారుగా లేవండి. చంకలో ఒక పక్కకు మాత్రం ఇంకో రెండు నెలలు వద్దు.