కళ్ళు బాగానే ఉన్నా, చూసినదాన్ని మెదడు గుర్తుపట్టకపోవడం అనేది నిజంగా ఉంటుందా?

ఉంటుంది. మా ఇంట్లోనే ఉంది.

మాది తణుకు. నాన్నది నలభై ఏళ్ళ కిరాణా కొట్టు. రెండేళ్ళ కిందట సంక్రాంతికి పుట్టింటికి వెళ్ళాను. కనుమ మర్నాడు పొద్దున్నే నాన్న అరుగు మీద కూర్చుని పేపరు విప్పారు, తిప్పారు, మళ్ళీ మడిచారు. "ఇవాళ పేపరు ఏ భాషలో వేశారే అమ్మాయ్?" అన్నారు. ఆయనకి వేళాకోళం అలవాటే కాబట్టి నవ్వేశాను. కానీ ఆయన నవ్వలేదు. అక్షరాలు కనిపిస్తున్నాయట. నల్లగా, స్పష్టంగా, వరసలు వరసలుగా. ఏది ఏ అక్షరమో మాత్రం తెలియడం లేదట.

మూతి వంకర పోలేదు, మాట తడబడలేదు, కాళ్ళూ చేతులూ శుభ్రంగా ఆడుతున్నాయి. పక్షవాతం అనే మాట మాలో ఎవరి బుర్రకీ తట్టలేదు. కళ్ళజోడు షాపుకి తీసుకెళ్ళాం. అతను మెషిన్లో చూసి "పవరు మారిందండీ" అని ఆరు వేలు తీసుకున్నాడు. కొత్త జోడులోంచి చూసినా అదే పేపరు, అదే తెలియని భాష. ఈలోగా మా పిన్ని ఎర్రనీళ్ళు తిప్పి దిష్టి తీసింది. అమ్మకైతే వేరే బాధ. కంచంలో కుడి పక్కన వేసిన దొండకాయ వేపుడు ఆయన ముట్టుకోవడం లేదు. "నా చేతి వంట రుచించడం లేదు ఈ మధ్య" అని మూడు రోజులు మూతి ముడుచుకుంది. ఆయనకి కుడివైపు సగం చూపు పోయిందని, దొండకాయ అసలు కనపడలేదని ఎవరికి తెలుసు?

ఎనిమిది రోజులు ఇలాగే గడిచిపోయాయి. ఇది పక్షవాతమేనని, మెదడులో రక్తం గడ్డని కరిగించే ఇంజెక్షను మామూలుగా మొదటి నాలుగున్నర గంటల్లోపే ఇస్తారని తర్వాత తెలిసింది. ఇది చదువుతున్నవాళ్ళకి ప్రశ్నతో సంబంధం లేకపోయినా చెబుతున్నాను: ఉన్నట్టుండి చూపులోగాని చదవడంలోగాని తేడా వస్తే కళ్ళజోడు షాపుకి కాదు, ఆసుపత్రికి పరిగెత్తండి.

రాజమండ్రిలో నరాల డాక్టరు గారు చేసిన మొదటి పని, ఒక కాగితం ఇచ్చి "మీ పేరూ, ఊరూ, మీకున్న ఇబ్బందీ రాయండి" అనడం. నాన్న చకచకా నాలుగు లైన్లు రాసిచ్చారు. వత్తులతో, పొల్లులతో సహా ఒక్క తప్పు లేదు. డాక్టరు గారు ఆ కాగితం పక్కన పెట్టి, కొట్టు గురించీ బియ్యం రేట్ల గురించీ కాసేపు మాట్లాడి, మళ్ళీ అదే కాగితం ఆయన చేతిలో పెట్టి చదవమన్నారు. నాన్న దాన్ని దూరంగా పెట్టి, దగ్గరగా పెట్టి చూసి, "ఎవరు రాశారండీ ఇది? దస్తూరీ బావుంది" అన్నారు.

నాకు వెన్నులోంచి చలి పుట్టింది.

తర్వాత టేబుల్ మీద తాళాలగుత్తి పెట్టారు. ఏమిటిది అని అడిగితే "పొడుగ్గా ఉన్నాయి, పళ్ళు ఉన్నాయి, మెరుస్తున్నాయి, రింగు ఉంది" అని అంతా సరిగ్గానే చెప్పారు. పేరు మాత్రం రావడం లేదు. డాక్టరు గారు గుత్తి తీసి గలగలమని ఊపారు. "తాళాలే కదండీ" అన్నారు నాన్న వెంటనే, ఇంత చిన్న విషయం అడుగుతారేంటి అన్నట్టు.

స్కానింగులో ఎడమ పక్క, మెదడు వెనక భాగానికి వెళ్ళే రక్తనాళం మూసుకుపోయిందని తేలింది. అప్పటినుంచీ దొరికిందల్లా చదివాను. నాకర్థమైంది ఇది. కన్ను పంపినది ముందు తల వెనక భాగానికి చేరుతుంది. అక్కడి కణాలకి తాళమూ తెలియదు, తాతా తెలియదు. ఫలానా వాలులో ఉన్న గీత కనిపిస్తే ఒక కణం, ఇంకో వాలుకి ఇంకో కణం స్పందిస్తాయి, అంతే. దీన్ని హ్యూబెల్, వీజెల్ అనే ఇద్దరు శాస్త్రవేత్తలు 1950ల చివర్లో పిల్లి మెదడులో పట్టుకున్నారు. అదీ పొరపాటున. గాజు పలక మీద చుక్కలు పెట్టి చూపిస్తుంటే ఆ కణం ఉలకలేదు, పలకలేదు. పలక మారుస్తున్నప్పుడు దాని అంచు నీడ కదిలితే ఆ కణం టపటపా స్పందించింది. 1981లో నోబెల్ వచ్చింది.

ఆ గీతలు మూలలై, మూలలు ఆకారాలై, మెదడు అడుగుభాగం వెంట ముందుకి నడుస్తాయి. అక్కడ ముఖాల కోసం ప్రత్యేకంగా పనిచేసే చోటు ఉంది, ఎక్కువగా కుడివైపు. అక్షరాలకి ఎడమవైపు. నాన్నకి కుడి మెదడు చక్కగా చూస్తోంది. కానీ అటునుంచి ఎడమవైపు అక్షరాల చోటుకి వచ్చే దారి తెగిపోయింది. ఉత్తరం పోస్టాఫీసు దాకా వచ్చింది, బట్వాడా అవడం లేదు. రాయడానికి వేరే దారి, దానికేమీ కాలేదు.

ఇది కొత్త జబ్బేమీ కాదు. 1887లో పారిస్‌లో ఒక పెద్దమనిషికి చదవడంలో అచ్చం ఇలాగే అయింది. ఆయన గురించి డెజెరిన్ అనే డాక్టరు 1892లో రాశాడు. ఆ పెద్దమనిషీ వ్యాపారస్థుడే, బట్టల వ్యాపారం. మనుషుల్నీ వస్తువుల్నీ గుర్తుపట్టేవాడు, రాసేవాడు, చదవలేకపోయేవాడు. అక్షరం చుట్టూ చెయ్యి తిప్పితే మాత్రం దాని పేరు తెలిసేదట. ఈ ఒక్క ముక్క చదివి నేను లేచి నిలబడ్డాను. ఎందుకంటే అప్పటికే మా కొట్లో అదే చూశాను.

ఆసుపత్రి నుంచి వచ్చిన మూడో వారం. డాక్టరు గారు చూపించిన వస్తువులు అప్పటికి తెలుస్తున్నాయి, అక్షరాలు మాత్రం రాలేదు. వద్దంటే వినకుండా కొట్టుకి వచ్చి గల్లాపెట్టె దగ్గర కూర్చున్నారు. సోంపూ జీలకర్రా కంటికి ఒకేలా ఉంటే చిటికెడు తీసి నలిపి వాసన చూసుకుంటున్నారు. ఎదురింటి కుర్రాడు సామాన్ల చీటీ తెచ్చాడు. నేను అందుకోబోతే "ఉండు" అన్నారు. చీటీని ఎడమ పక్కకి జరిపి పెట్టుకుని, మొదటి అక్షరం వైపు చూస్తూ, కుడిచేతి చూపుడువేలితో కౌంటరు అద్దం మీద దాన్నే మెల్లగా గీశారు. ఒకసారి కాదు, రెండుసార్లు. "క... సున్నా... కం." మళ్ళీ గీశారు. "ది." తర్వాతది చాలాసేపు పట్టింది. ప, ష, వ, మ కంటికి నలుగురు కవలపిల్లల్లా ఉన్నాయట. వేలికి మాత్రం తేడా తెలుస్తుంది. ప లోపల గీత పడితే ష, వ కి కొమ్ము తగిలిస్తే మ. వేలు లోపలికి వెళ్ళకుండా ఆగిపోయింది. "ప!" అన్నారు గట్టిగా. వత్తు దాకా వెళ్ళనే లేదు. "కందిపప్పు, కేజీయేనా?" ఆ కుర్రాడు బిత్తరపోయి చూస్తున్నాడు. నేను బియ్యం బస్తాల వెనక్కి వెళ్ళి కళ్ళు తుడుచుకున్నాను.

రెండో ఐటం చింతపండు. "చిం" దగ్గరే అయిపోయింది. కిరాణా కొట్లో "చిం"తో మొదలయ్యేది ఇంకేముంటుంది?

ఆ వేలికి ఆ అక్షరాలు ఎక్కడివి? అరవై ఏళ్ళ కిందట మా తాతయ్య ఆయన చెయ్యి పట్టుకుని బియ్యంలో దిద్దించిన ఓనమాలు అవి. తర్వాత పలక మీద, బలపం అరిగిపోయేదాకా. రాత పుట్టి అయిదు వేల ఏళ్ళు దాటిందేమో, అంతే. మెదడుకి పుట్టుకతో అక్షరాల అర అంటూ లేదు, మనం కూర్చోబెట్టి దిద్దిస్తేనే తయారవుతుంది. కంటి దారి మూసుకుపోయినా చేతి దారి ఆయనకి మిగిలింది. మా పాప చదివే బడిలో యూకేజీ పిల్లలకి ట్యాబ్ ఇచ్చారు. అక్షరం మీద వేలు పెడితే అదే అరుస్తుంది. దిద్దే పని లేదు. టీచరమ్మని అడిగితే "ఇప్పుడంతా ఇదేనండీ" అంది. ఈ పిల్లలకి రేపు డెబ్భై ఏళ్ళు వచ్చి మెదడులో నాళం మూసుకుపోతే వేలికి ఏం గుర్తుంటుంది? అద్దం మీద తట్టడమే గుర్తుంటుంది. ఇంటికొచ్చి పలక కొన్నాను. మా ఆయన నవ్వాడు. నవ్వనీ.

ఇంకోటి. వాట్సాప్‌లో ఇంగ్లీషు అక్షరాలతో తెలుగు రాసి సామాన్లు ఆర్డరిచ్చేవాళ్ళకి ఒక దణ్ణం. నాన్నకి ఇంగ్లీషు అక్షరాలు ఆరో తరగతిలో పరిచయం, చేతికి ఎప్పుడూ పట్టుబడలేదు. అవి ఆయన వేలితో గీసినా పలకవు. ఇప్పుడు అలాంటి మెసేజి వస్తే ఫోను చేసి "నోటితో చెప్పు బాబూ" అంటున్నారు.

ఇప్పుడాయన పేపర్లో హెడ్డింగులు చదువుతారు. ఒక్కో దానికి నిమిషం పడుతుంది, తొడ మీద వేలు ఆడుతూనే ఉంటుంది. కొత్తవాళ్ళు చూసి తాళం వేస్తున్నారనుకుంటారు. మా పాపకి ఇదంతా ఒక ఆట. ఆయన్ని కళ్ళు మూసుకోమని, అరచేతిలో వేలితో రాస్తుంది. అలాగైతే చకచకా చదివేస్తారు, నాకంటే వేగంగా. మొన్న దసరా సెలవుల్లో "ఐస్ క్రీం" అని రాసింది. సగంలోనే చదివేసి చెప్పులు వేసుకున్నారు ఇద్దరూ. వెనకాల నుంచి అమ్మ కేక, "ఆయనకి షుగరు, కప్పు దానికొక్కదానికే!" అని.