స్ప్రింక్లర్ కంట్రోలరులో ఫ్యూజు మార్చే ముందు

హన్మకొండ

చిరంజీవి అల్లుడికి మేనమామ ఆశీస్సులు.

ఇంటి ముందరి పచ్చికకు నీళ్లు పెట్టే కంట్రోలరులో ఫ్యూజు పోయిందని, కొత్తది వేస్తే సరిపోతుందా అని అడిగావు. వేయడం చిన్న పనే, కానీ పాతది ఎందుకు పోయిందో తెలుసుకోకుండా వేస్తే కొత్తదీ పోతుంది. ఎండలు ముదిరాయని తొందరపడవద్దు. రెండు రోజులు చేతి పైపుతో తడిపినా గడ్డికి ఏమీ కాదు.

ముందుగా ప్లగ్గును గోడ నుంచి ఊడదీయి. నీళ్లు వదిలే వాల్వులకు వెళ్లేది 24 వోల్టులే అయినా, డయలును ఆఫ్ వైపు తిప్పినంత మాత్రాన ట్రాన్స్‌ఫార్మరుకు వచ్చే 230 వోల్టుల కరెంటు ఆగదు. తర్వాత ఫ్యూజును బయటికి తీసి వెలుతురుకు పట్టి చూడు. గాజు తేటగా ఉండి లోపలి తీగ మధ్యలో తెగి ఉంటే లోడు కొంత ఎక్కువైందని అనుకోవచ్చు; గాజు లోపల నల్లబారి ఉంటే మాత్రం ఎక్కడో గట్టి షార్టు ఉన్నట్టే. ఒక్కోసారి తీగ లోహపు మూత లోపల తెగి కంటికి కనిపించదు కాబట్టి, మల్టీమీటరు (కరెంటు దారి తెగిందో లేదో కొలిచి చూపే పరికరం) పెట్టి కూడా చూడు.

కొత్తది కొనేటప్పుడు పాత ఫ్యూజునే దుకాణానికి పట్టుకుపో. దాని మూత మీద ఆంపియర్లతో పాటు టీ అనో ఎఫ్ అనో అక్షరం ఉంటుంది. టీ అంటే నిదానంగా కాలేది, ఎఫ్ అంటే వెంటనే కాలేది. వాల్వు తెరుచుకునే క్షణంలో దాన్ని తెరిచే కాయిల్ (తీగచుట్ట) మామూలు కంటే ఎక్కువ కరెంటు లాగుతుంది కనుక, టీ ఉండాల్సిన చోట ఎఫ్ వేస్తే ఏ లోపమూ లేకున్నా ఎగిరిపోవచ్చు. పాత ఇళ్లలో కిట్‌క్యాట్ ఫ్యూజుకు రాగి పోగు చుట్టే అలవాటు మనవాళ్లకు ఉంది; ఆ పని ఇక్కడ చేయవద్దు, ఒక ఆంపియర్ చోట రెండు ఆంపియర్లదీ వేయవద్దు. అప్పుడు ఫ్యూజు మిగిలి ట్రాన్స్‌ఫార్మర్ కాలుతుంది, ఇంటికి నిప్పంటుకునే ప్రమాదమూ ఉంది.

ఇక అసలు పని. వాల్వుల వైర్లన్నిటికీ అంకెలు రాసిన కాగితాలు అంటించి, అన్ని వాల్వులకూ ఉమ్మడిగా వెళ్లే కామన్ వైరుతో సహా టెర్మినళ్ల నుంచి విప్పు. మల్టీమీటరును ఓమ్స్‌లో పెట్టి, కామన్‌కూ ఒక్కొక్క వాల్వు వైరుకూ మధ్య కొలిచి చూడు. సాధారణంగా 20 నుంచి 60 ఓమ్‌ల మధ్య వస్తే ఆ కాయిల్ బాగున్నట్టు. నాలుగైదు ఓమ్‌లే చూపిన వైరు మీదనే షార్టు ఉంది; దారే లేనట్టు మీటరు అంకె ఏదీ చూపకపోతే (సున్నా కాదు) వైరో కాయిలో ఎక్కడో తెగింది, కానీ ఫ్యూజును కాల్చింది అది కాదు.

షార్టు ఉన్న వైరు దొరికాక తోటలోని వాల్వు పెట్టె మూత తీసి చూడు. నల్లరేగడిలో వానకు ఆ పెట్టెలో నీళ్లు నిలుస్తాయి, మామూలు ఇన్సులేషన్ టేపు జిగురు వదిలేస్తుంది, రెండు అతుకులూ తడిసి ఒకదానికొకటి తగులుతాయి. అతుకు కత్తిరించి, గ్రీజు నింపిన వాటర్‌ప్రూఫ్ కనెక్టర్ వేయి. అతుకు బాగుండీ ఓమ్‌లు తక్కువే వస్తే కాయిల్ మార్చాల్సిందే. మొక్కలు నాటేటప్పుడు గడ్డపార తగిలినా, పందికొక్కులు కొరికినా ఇదే గతి పడుతుంది కనుక, కొత్త వైరు వేయాల్సి వస్తే పీవీసీ పైపులో నుంచి లాగించు.

ఇంకొకటి చూడాలి. బోరు మోటరు కూడా దానంతట అదే నడవాలని కంట్రోలరు నుంచే పెద్ద కాంటాక్టరుకు (మోటరును ఆన్ చేసే స్విచ్చుకు) వైరు ఇప్పించి ఉంటే, వాల్వుల జోలికి పోకముందే దానిని విడదీయి. పంపు టెర్మినల్ ఉన్నది 24 వోల్టుల చిన్న రిలే (తక్కువ కరెంటుతో పనిచేసే స్విచ్చు) కోసమే. అంతకంటే ఎక్కువ లాగే కాయిల్ పెడితే ఫ్యూజు నిలవదు. మోటరు వైపు కరెంటు పని ఎలక్ట్రీషియన్ చేతనే చేయించు.

అంతా సరిచేశాక, వైర్లేవీ తగిలించకుండా కొత్త ఫ్యూజు వేసి కరెంటు ఇవ్వు. అప్పుడే పోతే లోపం కంట్రోలరులోనే ఉంది, దానిని రిపేరుకు ఇవ్వాలి. నిలిస్తే ప్లగ్గు తీసి, కామన్‌తో పాటు ఒక్కొక్క వాల్వే తగిలిస్తూ, ఒక్కోదాన్ని కొన్ని నిమిషాలు నడిపి చూసి ముందుకు పో. అదే రేటింగు ఫ్యూజులు రెండు కంట్రోలరు మూత లోపల టేపుతో అంటించి, వాటి పక్కనే ఈసారి పోయిన వాల్వు నంబరు రాసిపెట్టు.

ఇట్లు,
నీ మేనమామ