స్టార్టవుతుంది, రెండు సెకన్లకే ఆగిపోతుంది: ఆపుతున్నదెవరు?

ప్రశ్న: సెకండ్ హ్యాండ్ కారు కొని నాలుగు నెలలైంది. పొద్దున్నే సెల్ఫ్ కొట్టగానే స్టార్టవుతుంది, ఒకటి రెండు సెకన్లలో ఆగిపోతుంది. నాలుగైదుసార్లు కొట్టాక నిలబడుతుంది. ఆన్‌లైన్‌లో బ్లూటూత్ ఓబీడీ స్కానర్ (బండి కంప్యూటర్‌లో పడిన లోపాల కోడ్లు చదివే పరికరం) కొని ఫోన్‌లో యాప్ వేసుకున్నాను. ‘ఫాల్ట్ కోడ్స్ లేవు’ అంటోంది. ఇంతకన్నా మంచి స్కానర్ ఏది కొనమంటారు? – ఖమ్మం పాఠకుడు

జవాబు: ఇంకో స్కానర్ కొనకండి. ఈ రెండు నెలల్లో ఇదే ఫిర్యాదు నాకు ఏడెనిమిదిసార్లు వచ్చింది. బండ్లు వేరు, ఊళ్లు వేరు, చివరి వాక్యం మాత్రం అందరిదీ ఒకటే: ఏ స్కానర్ కొనాలి? బండి ఎందుకు ఆగుతోందన్న ప్రశ్న ఆ వాక్యం కింద నలిగిపోతోంది.

మీ స్కానర్ చెప్పింది నిజమే. అయితే అది చూసింది ఒక్క ఇంజిన్ కంప్యూటర్‌ని, అందులోనూ ముఖ్యంగా పొగకు సంబంధించిన కోడ్లని. మన దేశంలో బీఎస్-4 కార్లకు 2013 ఏప్రిల్ నుంచి ఓబీడీ-2 (లోపాల్ని బండే కనిపెట్టే ఏర్పాటు) తప్పనిసరి చేసింది కాలుష్యం కోసమే. తాళం చెవిని గుర్తుపట్టే ఇమ్మొబిలైజర్ చాలా కార్లలో ఇంకో కంప్యూటర్‌లో ఉంటుంది, చవక యాప్ అక్కడిదాకా పోదు. పైగా చాలా కోడ్లు మొదటిసారికే పడవు. ఇంజిన్ కాసేపు నడిచి, వేడెక్కి, అదే లోపం మళ్లీ ఇంకో ప్రయాణంలో కనబడితేనే లైటు వెలుగుతుంది. రెండు సెకన్లు బతికే ఇంజిన్‌కి ఆ పరీక్ష మొదలే కాదు. అందుకే ‘కోడ్ లేదు’ అంటే ‘లోపం లేదు’ అని అర్థం చేసుకోకండి.

ఇప్పుడు మీ ఫోన్‌లో పనికొచ్చేది కెమెరా. మీటర్లన్నీ కనబడేట్టు పట్టుకుని, కీ ఆన్ చేసిన దగ్గర్నుంచి ఇంజిన్ ఆగేదాకా వీడియో తీయండి. ఒక్కసారి సరిపోదు, ఐదుసార్లు తీయండి. తర్వాత ఆ వీడియోలని నెమ్మదిగా నడిపించి చూడండి. గడియారం పెట్టినట్టు ప్రతిసారీ ఒకే సమయానికి ఆగుతోందా? అయితే ఏదో కంప్యూటర్ కావాలనే ఆపుతోంది. ఓసారి రెండు సెకన్లకి, ఓసారి ఐదు సెకన్లకి, దగ్గుతూ దగ్గుతూ ఆగితే గాలో పెట్రోలో సరిగ్గా అందడం లేదు. ఆగే క్షణంలో ఆర్‌పీఎం (ఇంజిన్ తిరిగే వేగం) ముల్లు ఎలా పడుతోందో కూడా చూడండి. ఇంజిన్ ఇంకా తిరుగుతుండగానే ముల్లు టక్కున సున్నాకి పడితే, ఇంజిన్ తిరుగుతోందని చెప్పే క్రాంక్ సెన్సర్ సిగ్నలో, ఇగ్నిషన్ కరెంటో తెగుతోంది. ఇంజిన్ చప్పుడుతో పాటే దిగితే ఇంధనం వైపు వెతకాలి. తాళం బొమ్మ ఉన్న చిన్న లైటు మామూలుగా కీ ఆన్ చేశాక ఆరిపోతుంది. ఆరకుండా గబగబా కొట్టుకుంటుంటే మీ కీని బండి ఒప్పుకోవడం లేదు.

ఎక్సలేటర్ కాస్త తొక్కి పట్టుకుంటే నిలబడి, కాలు తీయగానే ఆగిపోతే, ఇంజిన్‌లోకి గాలిని వదిలే త్రాటిల్ బాడీకి కార్బన్ పట్టి ఉంటుంది. లేదంటే ఎయిర్ ఫిల్టర్ మార్చినప్పుడు పైపు క్లిప్పు సరిగ్గా బిగించి ఉండరు. బ్యాటరీ మార్చిన మర్నాటి నుంచే మొదలైందంటే కాలు తీసినప్పుడు ఎంత తెరిచి ఉండాలో (ఐడిల్ స్థానాన్ని) త్రాటిల్ మరిచిపోయింది, మళ్లీ నేర్పించాలి (రీలెర్న్). వానాకాలమైతే ఎలుకలు వైర్లు కొరికాయేమో బానెట్ ఎత్తి చూడండి. వీటి మీద ఎక్కువ చెప్పను, ఏ షెడ్డులోనైనా తేలిపోయే పనులివి. మీ బండి సంగతికి చివర్లో మళ్లీ వస్తాను. ఈలోగా ఇంకో రెండు ఉత్తరాలు చూద్దాం, మీకూ అవసరమే.

ప్రశ్న: కీ పాతబడిందని బజార్లో కొత్త ఫ్లిప్ కీలోకి మార్పించాను. రిమోట్ బాగా పనిచేస్తోంది, తలుపులు తెరుచుకుంటున్నాయి. కానీ ఆ రోజు నుంచి ఇంజిన్ స్టార్టయి వెంటనే ఆగిపోతోంది. – అనకాపల్లి పాఠకురాలు

జవాబు: పాత కీ డొప్ప ఎక్కడుందో ముందు వెతకండి అమ్మా, చెత్తబుట్టలో ఉన్నా సరే. అందులో బియ్యపు గింజంత గాజు గొట్టం ఉంటుంది. కొన్ని కీలల్లో చిన్న నల్లటి గట్టి ముక్క ఉంటుంది. అదే ఇమ్మొబిలైజర్ చిప్. దానికి బ్యాటరీ ఉండదు. ఇగ్నిషన్ తాళం చుట్టూ ఉండే కాయిల్ నుంచి కరెంటు తీసుకుని బండికి జవాబు చెబుతుంది. రిమోట్ బోర్డునీ బ్యాటరీనీ కొత్త డొప్పలోకి మార్చిన కుర్రాడు దీన్ని పాతదాంట్లోనే వదిలేసి ఉంటాడు. తలుపులు తెరిచేది రిమోట్, ఇంజిన్‌ని నిలబెట్టేది చిప్. రెండూ వేర్వేరు. కొన్ని కార్లు చిప్ లేకపోతే సెల్ఫ్ కూడా తిరగనివ్వవు, మీ బండి రకంవి స్టార్టవనిచ్చి ఆపేస్తాయి.

చిప్ దొరక్కపోతే రెండో కీతో నడపండి, కొత్త చిప్‌ని సర్వీస్ సెంటర్‌లో నమోదు చేయించండి. ‘ఇమ్మొబిలైజర్‌నే ఆఫ్ చేసేస్తాం, చవకలో అయిపోతుంది’ అని ఎవరన్నా అంటే ఒప్పుకోవద్దు. అలా చేస్తే ఆ తాళానికి సరిపోయేట్టు కోసిన ఏ ఇనపముక్కతోనైనా మీ బండి నడుస్తుంది. నమోదు చేయించే రోజున ఇంకో పని చెప్పండి: బండి జ్ఞాపకంలో ఎన్ని కీలు ఉన్నాయో చూసి, మీ చేతిలో ఉన్నవి తప్ప మిగతావన్నీ తీసేయమనండి. పాత కారు కొన్న ప్రతివాళ్లూ చేయించాల్సిన పని ఇది, చేయించేవాళ్లు చాలా తక్కువ.

ప్రశ్న: ఎల్లో బోర్డు నుంచి వైట్ బోర్డుకి మార్చిన కారు కొన్నాను. స్టార్టయి ఆగిపోతోందంటే పెట్రోల్ పంపు మార్చారు, ఫిల్టర్ మార్చారు, అయినా అంతే. స్టీరింగ్ కింద లైటు మెరిసే నల్లపెట్టె ఒకటి కనబడింది. లోపల సిమ్ ఉంది. జీపీఎస్ ట్రాకర్ అంటున్నారు. ఉంచుకుంటే దొంగల భయం ఉండదు కదా? – మియాపూర్ పాఠకుడు

జవాబు: ఈ ఉత్తరం చదివాక నిద్ర పట్టలేదు. మీరు పెట్టించుకోని పెట్టె, మీ పేరు మీద లేని సిమ్, దాని పాస్‌వర్డ్ మీకు తెలియదు, అదేమో మీ ఇంజిన్‌ని ఆపగలదు. దొంగల భయం పోవడానికి దాన్ని ఉంచుకుంటానంటున్నారు.

ముందు బండి ఎందుకు ఆగుతోందో చెబుతాను. అద్దెకిచ్చే బండ్లకీ, వాయిదాల మీద అమ్మిన బండ్లకీ ట్రాకర్‌తో పాటు ఒక రిలే (కరెంటుతో పనిచేసే స్విచ్చి) కూడా పెడతారు. పెట్రోల్ పంపుకి వెళ్లే వైరుని మధ్యలో కోసి, రెండు కొసల్నీ ఆ రిలేకి కలుపుతారు. ట్రాకర్‌కి ఆజ్ఞ రాగానే రిలే విడిపోతుంది, పంపు ఆగిపోతుంది. అయితే పైపుల్లో అప్పటికే కాస్త ఒత్తిడితో పెట్రోల్ నిలిచి ఉంటుంది. దాంతో ఇంజిన్ స్టార్టవుతుంది, అది అయిపోగానే ఆగిపోతుంది. మీ పంపు తప్పేమీ లేకపోవచ్చు. ఆజ్ఞ లేకపోయినా సరే, ఆ చవక రిలే లోపలి కాంటాక్టులు మాడిపోతే ఇదే లక్షణం. మీటర్ పెడితే 12 వోల్టులు చూపిస్తుంది, పంపు కరెంటు లాగడం మొదలుపెట్టగానే పడిపోతుంది. పంపు ఊడదీసి మీటర్ పెట్టిన మెకానిక్‌కి అందుకే ఇది దొరకదు. పంపు తగిలించి, నడుస్తుండగా కొలవాలి.

పోయిన వానాకాలం మా బావమరిది సూర్యాపేట దాటాక విజయవాడ హైవే మీద వెళ్తుండగా ఇంజిన్ ఆగింది. స్టీరింగ్ రాయిలా బిగుసుకుంది. ఇంజిన్ ఆగాక బ్రేకు ఒకటి రెండుసార్లే మెత్తగా పడుతుంది, ఆ తర్వాత బలమంతా పెట్టి తొక్కాలి. వెనక లారీ ఉంది. ఎలాగో పక్కకి తెచ్చాడు. మర్నాడు షెడ్డులో నేనూ ఉన్నాను. డ్యాష్‌బోర్డు కింద నల్లటేపు విప్పుతుంటే జిగురు కరిగి వేళ్లకి అంటుకుంటోంది. లోపల ఐదు కాళ్ల రిలే, ఒక కాలు దగ్గర ప్లాస్టిక్ గోధుమరంగుకి తిరిగి ఉబ్బింది. వైర్లని మెలిపెట్టి టేపు చుట్టారంతే, సోల్డరింగ్ లేదు. పాత ఓనర్ ఆ కారుని సెల్ఫ్ డ్రైవ్ అద్దెకి తిప్పాడని అప్పుడు తెలిసింది. పెట్టె మీద నంబరు చూసి, అమర్చిన షాపుకి వెళ్లాం. అక్కడి కుర్రాడు తన ఫోన్ తెరిచి మ్యాపులో మా బండిని చూపించాడు. దాని పక్కన ఇంకో నలభై దాకా బండ్లున్నాయి. ఒక్కోదాని కింద ‘ఇంజిన్ ఆఫ్’ అని బటన్. ఆ నలభై ఇళ్లవాళ్లకి ఆ బటన్ ఎవరి బొటనవేలి కింద ఉందో తెలుసా? చాలామందికి ఆ పెట్టె ఉన్నట్టే తెలియదనుకుంటాను.

ఇది నా ఒక్కడి భయం అనుకోకండి. 2022 జూలైలో అమెరికా ప్రభుత్వ సైబర్ భద్రతా సంస్థ సీసా (CISA), ఎన్నో దేశాల్లో వాడుతున్న ఒక ట్రాకర్ గురించి హెచ్చరిక ఇచ్చింది. అన్నిటికీ పనిచేసే పాస్‌వర్డ్ ఒకటి ప్రోగ్రామ్‌లోనే రాసేసి ఉంది, కొన్ని ఆజ్ఞలు ఎస్సెమ్మెస్‌తో పంపితే పాస్‌వర్డ్ అడగనే అడగదు. మామూలుగా పెట్టెతో వచ్చే పాస్‌వర్డేమో 123456. ఇంధనం ఆపే పని కూడా ఆ ఆజ్ఞల్లో ఉంది. సరిచేసేదాకా దాన్ని వాడొద్దనే పరిశోధకులు సలహా ఇచ్చారు. మన దగ్గర బజార్లో దొరికే ట్రాకర్లలో డిఫాల్ట్ పాస్‌వర్డ్ మార్చి ఇచ్చిన షాపుని నేను ఇంతవరకూ చూడలేదు. మొదటిసారి వాడేటప్పుడు పాస్‌వర్డ్ మార్చితే తప్ప పనిచేయకుండా చేయడం తయారీదారుకి ఎంతపని? కదిలే బండిని ఆపగల పరికరానికి ఆమాత్రం శ్రద్ధ లేకపోవడాన్ని నేను క్షమించలేను.

మీరు చేయాల్సింది ఇదీ. కోసిన వైరుని తిరిగి కలిపించండి, క్రింపింగ్ చేసి (లోహపు గొట్టంతో నొక్కి) పైన హీట్ ష్రింక్ (వేడికి బిగుసుకునే తొడుగు) వేయించండి, టేపుతో సరిపెట్టనివ్వొద్దు. పెట్టెని సిమ్‌తో సహా తీసేయించండి. ట్యాక్సీగా ఉన్నప్పుడు ఏఐఎస్-140 (ప్రయాణికుల్ని ఎక్కించుకునే బండ్ల ట్రాకర్ల) నిబంధన కింద పెట్టినదైతే, సొంత బండిగా మారిన కాగితాలు చూపించి తీయించండి. మీకు నిజంగా ట్రాకర్ కావాలంటే కొత్తది, మీ పేరు మీద సిమ్‌తో, పెట్టిన రోజే పాస్‌వర్డూ అడ్మిన్ నంబరూ మార్చుకుని వాడండి. కట్-ఆఫ్ రిలే పెట్టి తీరాలంటే స్టార్టర్ వైరు మీద పెట్టమనండి. అప్పుడు ఆగి ఉన్న బండి మళ్లీ స్టార్టవదు, అంతే. నడుస్తున్న బండి నడిరోడ్డు మీద ఆగదు. పంపు వైరు కోస్తామనే షాపు నుంచి బయటికి వచ్చేయండి.

ఇక్కడే ఓబీడీ స్కానర్ల గురించీ చెప్పాలి. పని అయ్యాక ఊడదీయకుండా పోర్టుకే వదిలేసేవాళ్లు ఎక్కువయ్యారు. వీటి బ్లూటూత్ పిన్ మామూలుగా 1234 లేదా 0000, చాలావాటిలో మార్చే వీలుండదు. చవక వైఫై రకాల్లో పాస్‌వర్డే లేనివి ఉన్నాయి. ఆ పోర్టు నేరుగా బండి కంప్యూటర్లు మాట్లాడుకునే వైర్ల మీద ఉంటుంది. 2015లో అమెరికాలో శాన్ డియేగోలోని కాలిఫోర్నియా యూనివర్సిటీ పరిశోధకులు, ఇన్సూరెన్స్ లెక్కల కోసం ఆ పోర్టుకి తగిలించే పరికరానికి ఎస్సెమ్మెస్‌లు పంపి ఒక కారు వైపర్లు తిప్పారు, నెమ్మదిగా వెళ్తుండగా బ్రేకులు పనిచేయకుండా కూడా చేసి చూపించారు. చదవాల్సింది చదివి, ఊడదీసి, డ్రాయర్‌లో పెట్టుకోండి. యాప్ సంగతి కూడా చూసుకోండి. పాత ఆండ్రాయిడ్ ఫోన్లలో బ్లూటూత్ వెతకాలంటే లొకేషన్ అనుమతి అడగక తప్పదు, అది సరే. ఇంజిన్ చదవడానికి కాంటాక్టులూ మెసేజ్‌లూ కావాలనే యాప్‌ని అక్కడికక్కడే తీసేయండి.

కంపెనీ వాళ్లే సిమ్ పెట్టి ఇచ్చే కనెక్టెడ్ కార్లతోనూ ఇదే బాధ. బండి అమ్మేసి, ఆర్‌సీ మారిపోయినా పాత ఓనర్ ఫోన్‌లోని యాప్‌లో బండి అలాగే ఉండిపోవచ్చు. అది ఎక్కడ ఆగిందో చూడొచ్చు, కొన్ని రకాల్లో తలుపులు తెరవొచ్చు, ఇంజిన్ ఆన్ చేయొచ్చు. ఒక ఆడపిల్ల ఆ బండి కొనుక్కుందనుకోండి, రోజూ ఎక్కడికెళ్తోందో ముక్కూమొహం తెలియనివాడికి తెలుస్తుంటుంది. ఖాతా మార్చడం కొనుక్కున్నవాళ్లకి వదిలేసిన డిజైన్ ఇది. కొత్త ఓనర్ పేరు ఎక్కగానే పాత ఖాతా తెగిపోయేలా ఎందుకు కట్టలేదు? అది కట్టేదాకా మీరు కొన్న రోజే షోరూమ్‌కి వెళ్లి, పాత ఖాతా తెంపారని రాతపూర్వకంగా తీసుకోండి. స్క్రీన్‌ని ఫ్యాక్టరీ రీసెట్ చేస్తే ఫోన్ నంబర్లు పోతాయి. సర్వర్‌లో ఉన్న ఖాతా మాత్రం దానికదే తెగిపోతుందని నమ్మకండి.

ఇక ఖమ్మం మిత్రుడికి. నాలుగైదుసార్లు కొట్టాక నిలబడుతోందని రాశారు, అసలు ఆచూకీ అందులోనే ఉంది. రేపు పొద్దున సెల్ఫ్ కొట్టకుండా కీ ఆన్ చేయండి, వెనక సీటు దగ్గర ఎవరినైనా చెవి పెట్టమనండి. రెండు సెకన్లపాటు ‘జుయ్’మని పంపు చప్పుడు రావాలి. కీ ఆఫ్ చేసి మళ్లీ ఆన్ చేయండి. ఇలా మూడుసార్లు చేశాక అప్పుడు సెల్ఫ్ కొట్టండి. ఒక్కసారికే నిలబడితే రాత్రంతా పైపుల్లో పెట్రోల్ ఒత్తిడి తగ్గిపోతోంది, లేదా పంపుకి కరెంటు చాలడం లేదు. పంపు మార్చమనే ముందు, మీదీ సెకండ్ హ్యాండ్ బండే కాబట్టి, మెకానిక్‌ని స్టీరింగ్ కింద టార్చి వేసి నల్లటేపు చుట్టిన జాయింట్లు ఏమైనా ఉన్నాయేమో చూడమనండి. ఉంటే, టేపు విప్పకముందే ఫొటో తీసి నాకు పంపండి.