కోయసాన్ గుడిలో రాత్రి బస, తెల్లవారుజాము పూజ, పొద్దుటి భోజనం: పెద్దవాళ్ళతో వెళ్తే ఏమేం చూసుకోవాలి?

మీరు అడిగింది ఇది: అమ్మానాన్నలకు అరవై దాటాయి, ఇద్దరూ శాకాహారులు, నాన్నగారికి షుగరు. జపాన్‌లోని కోయసాన్ కొండ మీద బౌద్ధ గుడిలో ఒక రాత్రి ఉండి, పొద్దున్నే పూజ చూసి, అక్కడే తినడం వాళ్ళకు కుదురుతుందా? అంత దూరం వెళ్ళకుండా క్యోటో హోటల్లో జపనీస్ బ్రేక్‌ఫాస్ట్ తింటే సరిపోదా?

ముందు రెండోదానికి జవాబు చెప్తాను. సరిపోదు. హోటల్లో పెట్టే జపాను పొద్దుటి భోజనంలో శాకాహారికి నమ్మకంగా మిగిలేది తెల్లన్నం ఒక్కటే. కాల్చిన సాల్మన్ ముక్క, చుట్టలా చుట్టిన గుడ్డట్టు కంటికి కనపడతాయి, పక్కన పెట్టేస్తారు. కనపడనిది దషి. కత్సువో అనే చేపను ఉడికించి, పొగబెట్టి, చెక్కంత గట్టిపడేదాకా ఎండబెట్టి, తురిమి, ఆ తురుమును వేడినీళ్ళలో వేసి వడగట్టిన రసం అది. మిసో, అంటే పులియబెట్టిన సోయా ముద్దతో చేసే చారుకు ఆధారం అదే. ఉడికించిన ముల్లంగిలోనూ, ఆకుకూర మీద పోసే పులుసులోనూ అదే ఉంటుంది. "ఇందులో చేప ఉందా?" అని అడిగితే లేదనే చెప్తారు. అది అబద్ధమూ కాదు, గిన్నెలో చేప ముక్క లేదు కదా! కాబట్టి అడగాల్సింది దషి గురించి. "నికు, సకనా, తమాగో వా తబెమాసెన్. కత్సువో నో దషి మో తబెమాసెన్" అనండి. మాంసం, చేప, గుడ్డు తినం, కత్సువో దషి కూడా తినం అని అర్థం. ఇంకో చిన్న ఉచ్చు కూడా ఉంది. చిన్న ప్యాకెట్లలో ఇచ్చే నోరి, అంటే సముద్రపు నాచు అప్పడంలాంటిది. అందులో రుచి పట్టించినదైతే రొయ్యల సారమో, కత్సువో సారమో చాలాసార్లు ఉంటుంది. ఉత్తగా కాల్చిన నోరికి ఆ బాధ లేదు.

కోయసాన్ గుళ్ళలో పెట్టేది షోజిన్ ర్యోరి, అంటే సన్యాసుల వంట. మాంసం, చేప, గుడ్డు ఉండవు. ఉల్లి, వెల్లుల్లి జాతి దుంపలూ కాడలూ కూడా వాడరు. మన ఇళ్ళలో కార్తీకమాసపు వంటకు దాదాపు దగ్గరగా ఉంటుంది. ఇక్కడ దషిని కొంబు అనే ఎండు సముద్రపు నాచు, ఎండు షీటాకే పుట్టగొడుగులతో తీస్తారు. పుట్టగొడుగు కూడా తినని ఇళ్ళవాళ్ళైతే ఆ మాట బుకింగ్ అప్పుడే రాయాలి. వంటలో మిరిన్ అనే తియ్యటి బియ్యపు మద్యం పడవచ్చు. పట్టింపు ఉంటే అదీ ముందే చెప్పాలి. పొద్దున తినే వేళ చెప్తే వాళ్ళు చేయగలిగింది ఏమీ ఉండదు. ఈ నియమం కోయసాన్‌కు చెప్పాను. జపాన్‌లో వేరేచోట్ల గుడి బసల్లో చేప పెట్టేవీ ఉన్నాయి, "గుడి కదా" అని ధీమాగా వెళ్ళకండి.

ఇక మొదటి ప్రశ్న. కుదురుతుంది, కానీ ఆ తెల్లవారుజాము బాగుండాలంటే ముందురోజు మధ్యాహ్నం నుంచే సర్దుకోవాలి. నాకు తెలిసి చెడిపోయిన ప్రయాణాలన్నీ అక్కడే చెడ్డాయి.

ఏ రోజు పెట్టుకోవాలన్నది మొదటి సంగతి. జపాన్ మనకంటే మూడున్నర గంటలు ముందుంది. కోయసాన్‌లో 5:30కు లేవడమంటే హైదరాబాద్ లెక్కన రాత్రి 2 గంటలకు లేవడం. ఇండియా నుంచి వచ్చేవాళ్ళు మొదటి రాత్రే కొండెక్కితే పూజలో తూగుతూ కూర్చుంటారు. మూడో రాత్రో నాలుగో రాత్రో పెట్టుకోండి. అమెరికా నుంచి వచ్చే మనవాళ్ళకు ఇది తిరగబడుతుంది. మొదటి రెండు మూడు రోజులూ వాళ్ళకు తెల్లవారకముందే మెలకువ వచ్చేస్తుంది కనుక, మొదట్లోనే పెట్టుకుంటే కలిసొస్తుంది.

దారి: ఒసాకాలో నంబా స్టేషన్ నుంచి నంకాయ్ వాళ్ళ కోయ లైనులో గొకురకుబషి దాకా. లిమిటెడ్ ఎక్స్‌ప్రెస్‌లో సుమారు 80 నిమిషాలు, మామూలు బళ్ళలో హషిమొతోలో మారి వెళ్తే ఇంకాస్త ఎక్కువ. ఇది ప్రైవేటు లైను, జపాన్ రైల్వే వాళ్ళ జేఆర్ పాస్ చెల్లదు. అక్కణ్ణుంచి కేబుల్ కారు 5 నిమిషాల్లో కొండ మీదికి చేరుస్తుంది. పై స్టేషన్ నుంచి ఊళ్ళోకి వెళ్ళే మొదటి రోడ్డు బస్సులకే, మనుషులు నడవకూడదు. "ఎంత దూరం, నడిచేద్దాం" అనే నాన్నగార్లను ముందే ఆపండి. కేబుల్ కారు ప్లాట్‌ఫారం మెట్లమెట్లుగా ఉంటుంది కాబట్టి పెద్ద సూట్‌కేసు ఒసాకాలోనే లాకర్లో వదిలి, ఒక్క రాత్రికి సరిపడా చిన్న సంచితో ఎక్కండి.

గుడికి సాయంత్రం 5 లోపు చేరాలి. రాత్రి భోజనం 5:30కో 6కో పెట్టేస్తారు, హోటల్లోలా ఆలస్యంగా వెళ్ళి అడిగే వీల్లేదు. దుకాణాలు కూడా సాయంత్రానికే కట్టేస్తారు. పొద్దున పూజ అయ్యాకే భోజనం. గుడినిబట్టి 7, 7:30 అవుతుంది. అంటే రెండు భోజనాల మధ్య 13 గంటల పైనే ఖాళీ. షుగరు మాత్ర వేసుకునేవాళ్ళకు, ఇన్సులిన్ తీసుకునేవాళ్ళకు ఇదే అసలు చిక్కు. మాత్రల వేళ ఎలా సర్దుకోవాలో బయల్దేరే ముందే డాక్టరుతో మాట్లాడండి. రాత్రి పడుకునేటప్పుడు ఒకటి, పూజకు ముందు ఒకటి తినేలా బిస్కట్లో వేరుశెనగ చిక్కీనో గదిలో ఉంచుకోండి. ఆవకాయ సీసా మాత్రం సంచిలోనే ఉండనివ్వండి, వెల్లుల్లి వాసన పొసగని వంటిల్లు అది.

స్నానం దగ్గర మన పెద్దవాళ్ళకు ఇబ్బంది వస్తుంది. తలకు పోసుకోకుండా గుడిలో పూజకు కూర్చోవడం వాళ్ళకు ఒప్పదు. కోయసాన్‌లో చాలా గుళ్ళలో స్నానాల గది సాయంత్రమే, పొద్దున వేడినీళ్ళు ఉండవు. పైగా అది ఆడవాళ్ళకు వేరుగా, మగవాళ్ళకు వేరుగా ఉండే ఉమ్మడి స్నానాల గది. బట్టలు లేకుండా, బయట పీట మీద కూర్చుని ఒళ్ళు రుద్దుకుని కడుక్కున్నాకే తొట్టెలో దిగాలి. తొట్టెలో సబ్బు వాడకూడదు, తువ్వాలు ముంచకూడదు. అమ్మకు మరీ ఇబ్బందైతే లోపలే సొంత స్నానాల గది ఉన్న గది దొరుకుతుందేమో చూడండి. అద్దె ఎక్కువే. మామూలు గదుల్లో టాయిలెట్ కూడా వరండా చివర ఉంటుంది. రాత్రి రెండుసార్లు లేచే వయసు వాళ్ళకు ఆ నడక చలికాలంలో నరకం. ఎక్కడ తగ్గించుకున్నా గదికి ఆనుకున్న టాయిలెట్ దగ్గర తగ్గించుకోవద్దు.

పక్క నేల మీదే పరుస్తారు. మోకాళ్ళు నొప్పులుంటే లేచేటప్పుడు పట్టుకోవడానికి ఏమీ ఉండదు కాబట్టి గోడవారగా వేయించుకోండి. గదుల మధ్య చాలాచోట్ల కాగితపు తలుపులే. వీడియో కాల్లో అటునుంచి మనవడు ఏం మాట్లాడాడో పక్క గదివాళ్ళకూ వినపడుతుంది.

పూజ గుడినిబట్టి, కాలాన్నిబట్టి 6కో 6:30కో మొదలై అరగంట నుంచి గంట దాకా సాగుతుంది. పది నిమిషాల ముందే వెళ్ళి కూర్చోవాలి. గదిలో ఇచ్చిన యుకతా, అంటే పల్చటి నూలు అంగీతో రావద్దని చాలా గుళ్ళు చెప్తాయి, మామూలు బట్టలతోనే వెళ్ళండి. కొండ దాదాపు 800 మీటర్ల ఎత్తు. పూజామందిరంలో చలికాలంలో ఒకటో రెండో కిరసనాయిలు హీటర్లు, అంతే. చెప్పులతో తిరిగే అలవాటున్నవాళ్ళకు మందం మేజోళ్ళు రెండు జతలు తప్పనిసరి. తతామి చాప మీదికి స్లిప్పర్లతో ఎక్కకూడదు. గడప దాటాలే కానీ తొక్కకూడదు, ఈ ఒక్కటి మాత్రం మనవాళ్ళకు చెప్పనక్కర్లేదు. మోకాళ్ళ మీద కూర్చోనక్కర్లేదు, బాసింపట్టు వేసుకోవచ్చు. అదీ కష్టమైతే "ఇసు" అని అడిగితే చిన్న పీటో కుర్చీనో ఇస్తారు.

మధ్యలో ధూపం వేయడానికి పిలుస్తారు. పళ్ళెంలో ఒక పక్క సన్నగా తరిగిన చందనం, అగరు, లవంగాల పొడి, ఇంకో పక్క నిప్పు కణిక. కుడిచేతి మూడు వేళ్ళతో చిటికెడు తీసి, నుదుటిదాకా ఎత్తి, నిప్పు మీద వేయాలి. ఇక్కడి షింగోన్ అనే బౌద్ధ సంప్రదాయంలో మూడుసార్లు. గుప్పెడు పోస్తే నిప్పు ఆరిపోయి పొగ కమ్ముతుంది, వెనకాల వరస ఆగిపోతుంది. చప్పట్లు కొట్టడం జపాన్ స్థానిక మతమైన షింటో మందిరాల పద్ధతి, ఇక్కడ చేతులు జోడిస్తే చాలు. తీర్థం, హారతి ఉండవు. ఫోటోలు వద్దు.

మంత్రాలు శ్రద్ధగా వినమని అమ్మానాన్నలకు చెప్పండి. "ఒన్ అబోక్య బేరోషనో మకబొదర మని హందొమ జింబర హరబరితయ ఉన్" అని వినపడితే, అది "ఓం అమోఘ వైరోచన మహాముద్రా మణి పద్మ జ్వాల ప్రవర్తయ హూం". కూకాయ్ అనే సన్యాసి చైనాలో చదువుకుని 806లో ఈ సంప్రదాయాన్ని జపాన్ తెచ్చాడు, 816లో ఈ కొండ మీద పీఠం పెట్టాడు. ఏకోఇన్ లాంటి కొన్ని గుళ్ళలో పూజ తర్వాత "గొమ" కూడా చేస్తారు. గొమ అంటే హోమమే, మాట కూడా అదే. అందులో మొదటి ఆహుతులు అగ్నిదేవుడికి, ఆయన పేరు ఇక్కడ కతెన్. కోరిక రాసిన పుల్లలను మంటలో వేస్తారు. మీకు హోమం చూడాలని ఉంటే గుడి ఎంచుకునేటప్పుడే ఉందో లేదో అడగండి, అన్ని గుళ్ళలోనూ ఉండదు.

తర్వాత భోజనం. టిఫిన్ అనుకుని వెళ్ళకండి, పొద్దున ఏడింటికి వేడన్నం. పొట్టి కాళ్ళ పీట మీద ఎడమ పక్క అన్నం గిన్నె, కుడి పక్క మిసో చారు, వెనకాల చిన్న గిన్నెల్లో మిగతావి. సాధారణంగా ఒక ఉడికించిన కూర, ముల్లంగి ఊరగాయ, నోరి, ఒక ఉమెబోషి, అంటే ఉప్పులో ఊరబెట్టిన పుల్లటి కాయ. కోయదోఫు తగిలితే వదలకండి. టోఫును గడ్డకట్టించి ఎండబెట్టి, మళ్ళీ నానబెట్టి పులుసులో ఉడికిస్తారు, దానికి ఈ కొండ పేరే వచ్చింది. స్పాంజిలా ఉంటుంది, కొరికితే పులుసు ఊరుతుంది. రాత్రి భోజనంలో వచ్చే గొమదోఫులో సోయా అసలుండదు. నువ్వుల పాలను కుజు దుంపల పిండితో జున్నులా బిగిస్తారు. ఈ "గొమ" నువ్వులు, హోమం కాదు.

ఉమెబోషిని ఉసిరికాయలా నోట్లో వేసుకుంటే ఇబ్బంది పడతారు. పాతకాలపు పద్ధతిలో కాయ బరువులో సుమారు ఐదోవంతు ఉప్పు వేసి ఊరబెడతారు. చాప్‌స్టిక్ కొనతో పిసరంత గిల్లి, ముద్దకొకసారి అన్నంలో నంజుకోవాలి. లోపల గట్టి గింజ ఉంటుంది. బీపీ ఉన్నవాళ్ళు సగం వదిలేయవచ్చు. మిసో చారుకు స్పూను రాదు, గిన్నె చేత్తో ఎత్తి తాగాలి. అడుగున మిసో పేరుకుంటుంది, ఒకసారి కలిపి తాగండి. చాప్‌స్టిక్స్‌ను అన్నంలో నిలువుగా గుచ్చకండి, చనిపోయినవాళ్ళకు పెట్టే అన్నంలో అలా గుచ్చుతారు. అమ్మ చాప్‌స్టిక్స్ నుంచి నాన్న చాప్‌స్టిక్స్‌కి కూర అందించడం కూడా వద్దు, అది చితిలో ఎముకలు ఏరే పద్ధతి. పెద్దవాళ్ళకు ఒక స్పూను సంచిలో పెట్టుకోండి, ఎవరూ తప్పు పట్టరు.

పెరుగు ఉండదు, కారం ఉండదు. రెండోసారి అన్నం అడగడంలో మొహమాటం వద్దు.

కోయసాన్ ఏ రకంగానూ కుదరకపోతే, క్యోటోలో నిషి హోంగన్‌జిలో రోజూ పొద్దున 6కు, హిగషి హోంగన్‌జిలో 7కు పూజ ఉంటుంది. రెండూ క్యోటో స్టేషన్ నుంచి నడిచే దూరమే, డబ్బు కట్టనక్కర్లేదు. తిండి మాత్రం మీరే చూసుకోవాలి. వంటిల్లు ఉన్న అపార్ట్‌మెంట్ తీసుకుంటే మిసో చారు ఇంట్లోనే తేలిక. లీటరు నీళ్ళలో 10 గ్రాముల కొంబు, మూడు నాలుగు ఎండు షీటాకేలు రాత్రే నానేయండి. పొద్దున సన్నమంట మీద పెట్టి, మరగబోయే ముందు కొంబు తీసేయాలి, మరిగితే జిగురొస్తుంది. టోఫు ముక్కలు వేసి వేడెక్కాక మంట ఆపి, కప్పుకు ఒక టేబుల్‌స్పూను చొప్పున మిసోను గరిటెలో నలిపి కలపండి. మిసో వేశాక మరిగిస్తే వాసన పోతుంది. మిసో కొనేటప్పుడు "దషి ఇరి" అని ఉన్నది వద్దు, అందులో సాధారణంగా చేప దషి కలిపే ఉంటుంది.

కోయసాన్‌లో తిన్న వెంటనే బస్సెక్కేయకండి. సంచి గుడిలోనే ఉంచమని అడిగి, ఇచినొహషి వంతెన నుంచి కూకాయ్ సమాధి మందిరం ఉన్న ఒకునోఇన్‌కు నడవండి. దేవదారుల మధ్య సుమారు 2 కిలోమీటర్లు, పెద్దవాళ్ళ నడకతో ముప్పావు గంట పైనే. దారి పొడుగునా రెండు లక్షలకు పైగా సమాధులు. ఐదంతస్తుల రాతి గుర్తులు కనపడతాయి, అవి పంచభూతాలు: అడుగున చతురస్రం భూమి, పైన గుండ్రాయి నీరు, ఆపైన నిప్పు, గాలి, ఆకాశం. కొన్నిటి మీద సిద్ధం అనే పాత సంస్కృత లిపిలో ఆ బీజాక్షరాలు చెక్కి ఉంటాయి. 835 నుంచి కూకాయ్ అక్కడ ధ్యానంలోనే ఉన్నాడని నమ్మకం, అందుకే ఆయనకు రోజూ పొద్దున 6కు, 10:30కు నైవేద్యం వెళ్తుంది. వండినదాన్ని ముందు రుచి చూస్తాడనే జిజో అనే బోధిసత్వుడి గుడిలో చూపించి, చెక్కపెట్టెలో పెట్టి సన్యాసులు మోసుకెళ్తారు. 6 గంటలది మీ గుడి పూజతో ఢీకొంటుంది, 10:30ది పట్టుకోండి. 10:15కల్లా గొబ్యోబషి వంతెన దగ్గర నిలబడాలి. వంతెన అవతల ఫోటోలు, తినడం నిషిద్ధం. తిరిగి అదే దారిన నడవలేకపోతే, ఒకునోఇన్‌మయె స్టాపుకు వెళ్ళే దగ్గరి దారి ఉంది, అక్కడ బస్సు దొరుకుతుంది.