మలయాళం సినిమాలు కేరళ జీవితానికి అంత దగ్గరగా ఎందుకుంటాయి?

నా ఉద్దేశంలో మొదటి కారణం సాహిత్యం. తకళి శివశంకర పిళ్ళై నవలను 1965లో రాము కరియాట్ ‘చెమ్మీన్’గా తీస్తే, సముద్రతీరపు జాలరుల నమ్మకాలూ కట్టుబాట్లే కథని నడిపించాయి, దక్షిణాదికి మొదటిసారి ఉత్తమ చిత్రంగా రాష్ట్రపతి స్వర్ణపతకం కూడా వచ్చింది.

ఇక రెండో కారణం ఊరు. ‘మహేషింటె ప్రతికారం’ (2016) అచ్చంగా ఇడుక్కి కొండల కథ, అందుకే 2020లో ‘ఉమామహేశ్వర ఉగ్రరూపస్య’గా తెలుగులో తీసినప్పుడు దాన్ని అరకులో మళ్ళీ నాటాల్సి వచ్చింది.

అలాగని అన్నీ కేరళని పొగిడే సినిమాలు అనుకోవద్దు. 2021లో వచ్చిన ‘ది గ్రేట్ ఇండియన్ కిచెన్’ చదువుకున్న కుటుంబంలోనే కోడలు వంటింట్లో ఎలా నలిగిపోతుందో చూపించి, శబరిమల గుడిలోకి ఆడవాళ్ళ ప్రవేశం మీద జరిగిన గొడవనీ నేరుగా ముట్టుకుంది. ఆ ధైర్యం నాకు చాలా ఇష్టం.