భయపెట్టే సైన్స్ ఫిక్షన్ అంటే నా ఓటు జాన్ విండమ్‌కే

"రాత్రి ఒక్కరే కూర్చుని చదివితే భయం వేసే సైన్స్ ఫిక్షన్ ఎవరిది?" అని అడిగారు కదా. ఇంగ్లిష్ రచయిత జాన్ విండమ్‌దే, అనుమానం అక్కర్లేదు. ఆయనకంటే ముందుతరం సైన్స్ ఫిక్షన్ రచయిత హెచ్.జి. వెల్స్ పేరు చెప్పేవాళ్లు ఎలాగూ వస్తారు, రానివ్వండి.

1951లో వచ్చిన 'ద డే ఆఫ్ ద ట్రిఫిడ్స్'లో మనుషుల్ని చంపేది ట్రిఫిడ్లనే మొక్కలు. మూడు మొద్దు కాళ్ల మీద కుంటుకుంటూ నడుస్తాయి, విషపు కొరడా విసురుతాయి. అంత ప్రమాదమని తెలిసీ జనం తోటలు వేసి పెంచారు, నూనెకు గిరాకీ ఉంది మరి! ఓ రాత్రి ఆకాశంలో పచ్చటి వెలుగులు చూసినవాళ్లందరికీ తెల్లారేసరికి చూపు పోయింది. ఇక మొక్కలకు పండగే. కథ చెప్పే బిల్ మేసన్ మాత్రం అప్పటికే కళ్లలో ట్రిఫిడ్ విషం పడి, కట్టుతో ఆస్పత్రిలో ఉన్నాడు కాబట్టి బతికిపోయాడు.

నేనిది చదువుతున్న రోజుల్లోనే మా పక్క ఖాళీ ప్లాటులో వయ్యారిభామ నడుమెత్తు పెరిగింది. ఓనరు విదేశాల్లో ఉంటాడు, ఫోన్ చేస్తే "చూద్దామండీ" అంటాడు. స్థలం రేటు మాత్రం నెలనెలా కనుక్కుంటాడు. విసుగొచ్చి ఓ ఆదివారం నేనే ఒట్టి చేతులతో పీకేశాను. సాయంత్రానికి మెడ, మోచేతి మడతలు కందిపోయాయి. రాత్రికి రెప్పలు ఉబ్బి కళ్లు తెరవలేకపోయాను. అలా పడుకుని ఉంటే కిటికీ అవతల టకటకమని చప్పుడు. నవల్లో ట్రిఫిడ్లు చిన్న పుల్లలతో తమ కాండాన్ని తామే అలాగే కొట్టుకుంటాయి, మాట్లాడుకుంటున్నట్టు. దండెం మీద క్లిప్పులు గాలికి కొట్టుకుంటున్నాయని మా ఆవిడ చెప్పినా టెన్షన్ తగ్గలేదు. ఏ దెయ్యం కథా నన్నిలా పడుకోబెట్టలేదు.

1962లో తీసిన సినిమా జోలికి మాత్రం వెళ్లకండి. అందులో సముద్రపు నీళ్లు పోస్తే ట్రిఫిడ్లు కరిగిపోతాయి! నవల్లో అలాంటి చిట్కా ఏదీ లేదు, మిగిలినవాళ్లు ఐల్ ఆఫ్ వైట్ దీవికి చేరి తలదాచుకుంటారు. మరో ఇంగ్లిష్ సైన్స్ ఫిక్షన్ రచయిత బ్రయాన్ ఆల్డిస్ అయితే విండమ్ ప్రళయాలు మరీ హాయిగా ఉంటాయని తీసిపారేశాడు. రెండో ప్రపంచ యుద్ధంలో సైన్యంతో ఫ్రాన్స్‌లోని నార్మండీ దాకా వెళ్లొచ్చిన మనిషి రాసినదాన్ని పట్టుకుని ఆ మాటేంటి? ఆల్డిస్‌కు వయ్యారిభామ తగిలి ఉండదు.

తర్వాత 1957 నాటి 'ద మిడ్విచ్ కుకూస్' చదవండి. అందులో ఊరంతా ఒకరోజు స్పృహ తప్పి లేస్తుంది, ఆ తర్వాత బిడ్డను కనే వయసున్న ఆడవాళ్లందరూ గర్భవతులని తేలుతుంది. ఇంట్లో కడుపుతో ఉన్నవాళ్లుంటే ఆ పుస్తకం వాళ్ల కంట పడనివ్వకండి.